హయాసె సారు కుడిచెవి

బిడ్డా శ్రీలతా,

నాయిన దీవెనలు. దేవుని దయతోని బాన్సువాడల అందరం బాగున్నం. ఈ మాట ఈసారి ధైర్యంగ రాస్తున్న. టోక్యోల చలి తగ్గిందా? ఈడ కాలువ నీళ్లు ఇడిసిండ్రు, నాట్లు పడుతున్నయి.

నువ్వు చూడుమన్న యానిమే, ఆ జపాన్ బొమ్మల సినిమా, మీ అమ్మ, నేను ఫోన్ల చూసినం. మాటలు ఒక్కటి సమజ్ కాలే. ఆఖర్ల ఆ ముసలామె పడవ ఒడ్డుకు తెస్తుంటే వచ్చే సంగీతానికి, నువ్వు కింద పనిచేసే మీ హయాసె సారు కట్టిందానికి, మీ అమ్మ కొంగుతోని కండ్లు తుడుసుకున్నది. పేర్లు వచ్చినప్పుడు నీ పేరు దొరకలే, అన్ని జపాన్ అక్షరాలే. ఏదో ఒకటి నీదే అనుకొని సంబురపడ్డం.

నీ పోయిన ఉత్తరం మళ్ల మళ్ల చదివిన. హయాసె సారు వయసుల ఉన్నప్పుడు వీడియో గేముల కంపెనీల చేరి, ఆ మిషిన్ల పలికే నాలుగు టిక్కుటిక్కు చప్పుళ్లతోనే పాటలు కట్టి పిల్లలందరి నోట్ల పలికిచ్చిండు. ఆ తర్వాత యానిమేలకు పెద్ద పెద్ద వాయిద్యగాళ్లను కూసోబెట్టి వాయింపిచ్చిండు. అసొంటి మనిషి కుడిచెవి వినరాకపోతే, పని పోతదని ఎవలకు చెప్పకుండ దాచుకున్నడా!

నువ్వు కనిపెట్టి అడిగితే, "ఎవలకన్న చెప్పినవా?" అన్నడంటివి.

"లేదు సార్. మీరే చెప్పాలె" అంటివి.

సారు పోయి చెప్తే ఆ సినిమా డైరెక్టర్ కోపం కాలేదట. "మీ సంగీతం లేంది ఈ సినిమా బయటికి రాదు, ఆగుతం" అన్నడట. కుడి పక్క నువ్వు కూసోని విని చెప్తుంటే సారు పని పూర్తి చేసిండు.

ఇగ అసలు సంగతి. ఫోన్ ఎందుకు ఎత్తుతలేవని మొన్న మెసేజ్ పెట్టి అడిగినవ్ గద. వరికోతలప్పటి సంది నా గొంతు బొంగురు పోయింది. దుమ్మని అందరికి చెప్పిన. మింగితే నొప్పి. పొద్దంత ఆటో నడిపినా, ఆదివారం చర్చిల పాట ఎత్తుకుంటేనే నాకు పానం నిమ్మలం. అది పోతదని, డాక్టర్ ఇంకేం అంటడోనని భయపడి దాచిన. నీకు గుడ చెప్పలే, బిడ్డా.

నీ ఉత్తరం చదివినంక మీ అమ్మ దగ్గరికి పోయిన. బియ్యం చెరుగుతుంది. "గొంతుల గడ్డ ఉన్నట్టున్నది" అన్న. చాట కింద పెట్టి, "లే, చెప్పులేసుకో" అన్నది. తిట్టుడు బస్సుల కూసున్నంక మొదలువెట్టింది, నిజామాబాద్ వచ్చేదాక ఆపలే.

దవాఖానల గడ్డ తీసి పరీక్షకు పంపిండ్రు. క్యాన్సర్ కాదు బిడ్డా, మామూలు గడ్డనే! ఫికర్ పెట్టుకోకు. గాయం మానేదాక ఒక్క మాట గుడ మాట్లాడొద్దన్నరు, గందుకే ఫోన్ ఎత్తలే. ఇంకా కొన్ని దినాలు ఎక్కువ మాట్లాడొద్దన్నరు, గందుకే ఇదంత రాస్తున్న.

నిన్న డాక్టరమ్మ చూసి, "ఇగ ఏదన్న ఒక్క మాట అను, విందాం" అన్నది. ఏమనాలెనో తోచలే. పక్కకు చూస్తే మీ అమ్మ నా నోటి దిక్కే చూస్తున్నది. పెండ్లయిన కాన్నుంచి ఆమెను ఏమే, ఓయ్ అనుడే గని పేరు పెట్టి పిలిచింది లేదు.

"మంజులా" అన్న.

గొంతు మంచిగనే పలికింది.

ఇట్లు,
నీ నాయిన
ప్రభుదాస్