యాభై ఎనిమిది సొంత పనులు

1వ తేదీ, సోమవారం

ఉదయం 6.10. లేచాను! అలారం కంటే ముందే!

ప్రతిజ్ఞ. (ఎర్ర ఇంకుతో రాస్తున్నాను, చెరిపే వీలుండకూడదని.)

రోజుకు ఇరవై ఫోటోలు. నెలాఖరుకు ఆరువందలు. అన్నీ ఆన్‌లైన్ విజ్ఞాన సర్వస్వంలోకి. ఎవరైనా చూడొచ్చు, ఎవరైనా వాడుకోవచ్చు. ప్రతి ఫోటోకూ నాలుగు వివరాలు: ఎవరు తీశారు, ఎప్పుడు, ఎక్కడ, ఎవరి అనుమతితో. ఇంకో మాట, ఎవరితోనూ గొడవ పడను.

ఫోటోలు ఫ్లాష్ తాతవి. ముప్పై ఏళ్ళు స్టూడియో నడిపాడు, పత్రికలకూ ఫోటోలు ఇచ్చాడు. మొన్న శుక్రవారం కంటి డాక్టరు చీటీ కాపీ కోసం నేను పనిచేసే జిరాక్స్ షాపుకు వచ్చాడు. అప్పుడు నేను 'విజ్ఞానం ఎవడబ్బ సొత్తు?' అనే కరపత్రం ఐదు వందల కాపీలు తీస్తూ పైకి చదువుతున్నాను. షాపుకు వచ్చే ప్రతి కరపత్రమూ చదువుతాను. నా కాలేజీ అదే. తాత మొత్తం విని వెళ్ళిపోయి, గంటలో ఆటోలో ఆరు చెప్పుల డబ్బాలు దించాడు. నిండా ఫోటోలు!

"అన్నీ తీసుకో. ఒకటే షరతు" అన్నాడు. "కింద పేరు పడాలి. పత్రికల వాళ్ళు ముప్పై ఏళ్ళు 'ఫోటో: మా ప్రతినిధి' అని వేశారు. ఆ ప్రతినిధి ఎవడో నాకు ఇంతవరకూ కనపడలేదు."

"తాతగారూ, ఆ విజ్ఞాన సర్వస్వం లైసెన్సు అర్థమే అది. ఎవరైనా వాడుకోవచ్చు, పేరు మాత్రం వేసి తీరాలి."

"వేస్తారా?"

"వెయ్యకపోతే నేనున్నాను!"

శ్రమ దోపిడీ మీద పది నిమిషాలు మాట్లాడాను కూడా. తాత కళ్ళు చెమర్చాయి. కంటి చుక్కల వల్ల కావచ్చు.

2వ తేదీ, మంగళవారం

ఇరవై నాలుగు!! లక్ష్యం కంటే నాలుగు ఎక్కువ!

మధ్యాహ్నం 1.30 నుంచి 3 దాకా షాపులో గిరాకీ ఉండదు, స్కానర్ నాదే. మొదటి ఫోటో: సగం కట్టిన వంతెన. సరిగ్గా తెగిన చోట గొడుగు పట్టుకుని ఇంజనీరు. ముందుకు దారి లేదు, వెనక్కి తిరిగే ఉద్దేశమూ ఉన్నట్టు లేదు. నాకు భలే నచ్చాడు.

ఒక చిట్కా కనిపెట్టాను. ఫోటో ఎక్కించే ఫారం ఏడు ప్రశ్నలు అడుగుతుంది. 'ఇది నా సొంత పని' అన్న గడిలో టిక్కు పెడితే ఏడు కాస్తా రెండవుతాయి! నా పనే కదా మరి? దుమ్ము దులిపింది నేను, స్కాన్ చేసింది నేను, ఎక్కించింది నేను. పనిచేసిన వాడిదే పని. కరపత్రం నాలుగో పేజీ, రెండో పేరా.

తేదీ కూడా అదే నింపుకుంటోంది. ఎంత బుద్ధిమంతురాలైన ఫారం!

3వ తేదీ, బుధవారం

ఇరవై. సరిగ్గా ఇరవై. క్రమశిక్షణ అంటే ఇది.

అన్నయ్య: "ఏమే విప్లవం, స్నానం చేసి ఎన్నాళ్ళయింది?"

చరిత్ర సమాధానం చెబుతుంది.

4వ తేదీ, గురువారం

పదకొండు. నా తప్పు కాదు. ఎవరిదో పెళ్ళిపత్రిక జిగురు స్కానర్ అద్దానికి అంటుకుంది. మూడు ఫోటోల్లో ఆకాశం మీద 'సకుటుంబ' అన్న అక్షరాలు కనిపిస్తున్నాయి.

పైగా ఓనరు: "తల్లీ, గిరాకీలు గుమ్మంలో నిలబడి నీకు నమస్కారాలు పెడుతున్నారు, కాస్త చూడు."

మిగతా తొమ్మిది రేపు. రేపు ఇరవై తొమ్మిది. తేలిక.

5వ తేదీ, శుక్రవారం

మూడు.

కారణం ఉంది! నేను 'దోపిడీ కోరల్లో నలిగిపోతున్న మిల్లు అక్కచెల్లెళ్ళు' అని రాసిన వివరణను ఎవడో 'మిల్లు గేటు దగ్గర మహిళలు' అని మార్చాడు. అక్కడి నిర్వాహకుల్లో ఒకడు. సంతకం పక్కన గుండుసూది బొమ్మ. 'వివరణలో కనిపించేది మాత్రమే రాయండి' అని ఒక ముక్క వదిలాడు.

దోపిడీ కనిపించడం లేదా? కళ్ళజోడు పెట్టుకో!

సాయంత్రం 4.00 నుంచి 6.30 దాకా జవాబు రాశాను. ఉపశీర్షికలతో.

6వ తేదీ, శనివారం

ఫోటోలు: సున్నా.
జవాబులు: పద్నాలుగు.

గుండుసూది మొత్తం కలిపి ఆరు పదాలు రాశాడు. అదీ అహంకారమే.

ప్రతిజ్ఞలో చిన్న సవరణ: 'గొడవ పడను' అంటే అన్యాయంగా గొడవ పడను అని అర్థం.

7వ తేదీ, ఆదివారం

సెలవు. యంత్రానికీ విశ్రాంతి కావాలి. (నేను యంత్రాన్ని కాదు. అయినా.)

8వ తేదీ, సోమవారం

ఉదయం 9.20. ఘోరం! నా యాభై ఎనిమిది ఫోటోల మీదా ఎర్ర పట్టీ: 'తొలగింపు ప్రతిపాదన.' గుండుసూది రాసిందంతా ఇదీ:

'వాడుకరి నిప్పురవ్వ గారికి. ఈ ఫోటోలన్నీ మీ సొంత పని అనీ, గత వారం తీశారనీ నమోదైంది. మొదటి ఫోటో అంచున 1974 అని పెన్సిల్‌తో ఉంది. అప్పుడు మీ వయసెంత? ఇంకో ఫోటోలో ఉన్న ఆవిరి రైలింజను గత మంగళవారం మీకు ఎక్కడ దొరికింది?'

నిప్పురవ్వ నేనే. అది నా వాడుకరి పేరు.

వెంటనే రాశాను: 'ఇది వయసు వివక్ష!'

అమ్మ భుజం మీదుగా తొంగి చూసి, "నువ్వు పుట్టింది ఎప్పుడో నాకు బాగా గుర్తు. సాక్ష్యం కావాలంటే నన్ను పిలవమను" అంది.

ఉదయం 9.50. అప్పుడు నిదానంగా చదివాను. 'సొంత పని' అంటే స్కాన్ చేసే పని కాదట. ఫోటో తీసిన పని. ఇంజను ఫోటో తెరిచాను. కింద ఇలా ఉంది:

తీసినవారు: నిప్పురవ్వ.

వంతెన. నిప్పురవ్వ. వరద. నిప్పురవ్వ. మిల్లు గేటు. నిప్పురవ్వ. నేను పుట్టడానికి పాతికేళ్ళ ముందు ఊరంతా తిరిగి యాభై ఎనిమిది ఫోటోలు తీశాను!

అన్నయ్య పొట్ట పట్టుకుని నవ్వాడు. "గురివింద గింజకు తన కింద నలుపు తెలీదట. నీకు ఫోటో కింద పేరు తెలీలేదు."

తాతకు ఫోన్‌లో ఇంటర్నెట్ లేదు. అదొక్కటే అదృష్టం.

9వ తేదీ, మంగళవారం

తాతకు ఫోన్‌లో ఇంటర్నెట్ లేదు గానీ, కంటి డాక్టరు దగ్గర ఉంది.

ఉదయం 11.00. షాపులోకి వచ్చాడు. అరవలేదు. అరిచుంటే నేనూ అరిచేదాన్ని, బావుండేది.

"ఏమ్మా, నిప్పురవ్వ అంటే ఎవరు?"

"తాతగారూ, అది ఒక గడి వల్ల..."

"కంటి పరీక్ష అయ్యాక డాక్టరు పెద్ద తెర మీద చూపించాడు. 'తాతగారూ, మీ వంతెన ఇదిగో' అన్నాడు. కింద అక్షరాలు చదవగలిగితే కళ్ళు బాగైనట్టే అన్నాడు. చదివాను. బాగయ్యాయి."

ఓనరు జిరాక్స్ మిషన్ ఆపేశాడు. కరెంటు పోయినా ఆపని మనిషి.

"'మా ప్రతినిధి' నయం" అన్నాడు తాత. "అది ఎవడి పేరూ కాదు. ఇది నీ పేరు. ఎల్లుండికల్లా డబ్బాలు ఇంటికి పంపెయ్."

"సరిచేస్తానండీ! ఈ రోజే!"

"కరపత్రం బాగా చదువుతావమ్మా" అని వెళ్ళిపోయాడు.

దీనికి జవాబు ఏ కరపత్రంలోనూ లేదు. వెతికాను.

10వ తేదీ, బుధవారం

ఒంటిగంట నుంచి మూడు దాకా యాభై ఎనిమిదీ సరిచేశాను. 'తీసినవారు: ఫ్లాష్ తాత.' తేదీలు కూడా ఫోటోల వెనుక చూసి మార్చాను. చేతులు నొప్పి. మనసు తేలిక!

సాయంత్రం 5.15. గుండుసూది: 'ధన్యవాదాలు. ఫోటోలు తీసిన వ్యక్తి పూర్తి పేరుతో, సంతకంతో అనుమతి ఉత్తరం పంపించగలరా? వచ్చేదాకా తొలగింపు ఆపుతాను.'

పంపించగలను! పూర్తి పేరు...

పూర్తి పేరు?

ఓనరును అడిగాను. "ఫ్లాష్ తాతే కదా తల్లీ."
అమ్మను అడిగాను. "ఫ్లాష్ బాబాయ్ అనేవాళ్ళం. మీ కాలానికి తాతయ్యాడు."
అన్నయ్య: "ఫ్లాష్ ఇంటిపేరు అనుకుంటా."
డాక్టరు గారి కాంపౌండరును కూడా అడిగాను. చీటీ మీద 'ఫ్లా. తాత' అని ఉందట.

పేరు పడాలని ఏడ్చిన మనిషి పేరు ఊళ్ళో ఎవరికీ తెలియదు. ఆయన కోసం పది నిమిషాలు ఉపన్యాసమిచ్చిన నాకూ తెలియదు. అడగాలని తోచనే లేదు.

ఈ రోజు ఎవరితోనూ గొడవ పడలేదు. నాతో తప్ప.

11వ తేదీ, గురువారం

ప్రతిజ్ఞ రద్దు. ఆరువందలకు యాభై ఎనిమిది. అవీ వేలాడుతున్నాయి. డబ్బాలు తీసుకుని తాత ఇంటికి వెళ్ళాను.

మేడ మీద ఒకే గది. గోడకు ఒక్క ఫోటో కూడా లేదు, మేకులు మాత్రం వరుసగా ఉన్నాయి. తాత చొక్కాకు బొత్తాం కుట్టుకుంటున్నాడు.

"అక్కడ పెట్టు."

పెట్టాను. వెళ్ళలేదు. "తాతగారూ, మీ పేరేంటండీ?"

సూది ఆగింది. "అడిగావా? నువ్వే మొదటిదానివి. ఉండు, నాకే గుర్తు తెచ్చుకోవాలి."

ఇంటిపేరుతో సహా చెప్పాడు. రాసుకుని చూపించాను. ఒక దీర్ఘం తప్పు పోయింది. దిద్దాడు.

తరువాత ఉత్తరం. నేను చెబుతుంటే ఆయన రాయాలి. రెండు వాక్యాలు బాగానే నడిచాయి. మూడోది: 'ఎవరైనా వీటిని మార్చుకోవచ్చు.'

"మార్చుకోవడమంటే? నా ఇంజనీరుకు మీసాలు పెడతారా?"

"పెట్టొచ్చండీ. మీ పేరు మాత్రం వెయ్యాలి."

"మీసాల కింద కూడా నా పేరేనా?"

"ఫోటో మీదని, మీసాలు ఫలానావాడివని."

"అది న్యాయంగా ఉంది" అని సంతకం పెట్టబోయి ఆగాడు. "అన్నీ నావి కావు కదా, అన్నీ నావని ఎలా రాయను?"

డబ్బాలు మళ్ళీ తెరిచాను.

యాభై ఎనిమిదీ మంచం మీద పరిచాం. తాత ఒక్కొక్కటీ ఏరి పక్కన పెట్టాడు. తొమ్మిది. మిల్లు గేటు దగ్గర మహిళలు, వరదలో గంగాళంలో కూర్చున్న పసిపిల్ల, ఇంకా ఏడు. నిజం చెప్పాలంటే డబ్బాల్లో అన్నిటికంటే మంచివి అవే.

"ఇవి డార్క్‌రూములో నాతో పనిచేసినామె తీసింది. మూడేళ్ళు చేసింది. మిల్లు గేటు దగ్గర నన్ను చూస్తే ఆడవాళ్ళు మొహం తిప్పుకునేవాళ్ళు. ఆమెను చూస్తే నవ్వేవాళ్ళు. అందుకే కెమెరా ఆమెకిచ్చేవాణ్ణి."

"పత్రికలో ఏమని పడేది?"

"మా ప్రతినిధి అనే. నేనే పంపించేవాణ్ణిగా."

పెన్ను తెరిచాను. "ఆమె పేరు?"

తాత పైకి చూశాడు. కిటికీలోకి చూశాడు. బొత్తాం కేసి చూశాడు.

"అందరం 'చెల్లాయ్' అనేవాళ్ళం" అన్నాడు చివరికి.

నేను నవ్వకూడదు. ఎంతో గంభీరమైన క్షణం. ఇద్దరమూ పగలబడి నవ్వాం. కాసేపటికి తాత నవ్వడం మానేసి, ఆ తొమ్మిదీ ఒక కవరులో పెట్టి, కవరు మీద ఏమి రాయాలో తెలియక ఖాళీగా వదిలేశాడు.

12వ తేదీ, శుక్రవారం

నలభై తొమ్మిదికి ఉత్తరం పంపాను. గుండుసూది గంటలో ఎర్ర పట్టీలన్నీ తీసేశాడు. వంతెన కింద తాత పూర్తి పేరు, ఇంటిపేరుతో సహా, దీర్ఘంతో సహా! షాపులో తెర మీద చూపించాను. మూడుసార్లు చదివాడు. తరువాత ఓనరును పిలిచి చదివించాడు. తరువాత ముక్కూ మొహం తెలియని ఒక గిరాకీని కూడా.

తొమ్మిదింటినీ తొలగించమని నేనే అడిగాను. గుండుసూది: 'మీరే అడిగారా?' మొత్తం ఇన్ని రోజుల్లో ఆయన వేసిన మొదటి జోకు అని అనుమానం.

తాత, పత్రికలో అక్షరాలు కూర్చిన పాత కంపోజిటర్ మిత్రుణ్ణి పట్టుకుని, ఆ తొమ్మిదీ తీసినామె కోసం వాకబు చేశాడు. ఆమె ఉంది! కుట్టుమిషన్ల దుకాణం పైన, రెండో అంతస్తు. ఆ కంపోజిటర్‌కు కూడా పేరు తెలియదట. "చెల్లాయ్ కదా" అన్నాడట.

15వ తేదీ, సోమవారం

ఉదయం 7.00. కొత్త ప్రతిజ్ఞ. (నల్ల ఇంకు. ఎర్రది అయిపోయింది, గుండుసూదికి జవాబుల చిత్తుప్రతుల్లో.)

రోజుకు ఒకటి. ఒక్కటే. తీసినవారెవరో అడిగి తెలుసుకున్నాకే. ఎవరితోనూ గొడవ... చూద్దాం.

ఉదయం 10.20. రెండో అంతస్తు మెట్ల మీద రాస్తున్నాను, తాత ఆయాసం తీరేదాకా. ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు. కవరు ఆయన చేతిలోనే ఉంది, నాకు ఇవ్వడం లేదు. లోపల ఎవరో కుట్టుమిషన్ తొక్కుతున్న చప్పుడు.

"తలుపు తీయగానే ఏమంటారు?" అని అడిగాను.

"'నీ పేరేంటమ్మా' అంటాను. యాభై ఏళ్ళు ఆలస్యం. ఏం తిడుతుందో."

"తిడితే?"

"నువ్వు ముందు నిలబడు. నీకు అలవాటేగా."

నిలబడ్డాను. మిషన్ చప్పుడు ఆగింది.