ఊపిరి ఆయనది కాదు

మార్చి 3, సోమవారం

ఉదయం షిఫ్ట్. ఎయిర్‌పోర్ట్ కార్గోలో పెట్టెలు, పెట్టెలు, పెట్టెలు. మూడింటికి ఇల్లు చేరి, పెరుగన్నం తిని, వార్డ్‌రోబ్‌లో దూరాను. లోపల బయటి చప్పుడు రాకుండా రజాయిలు, సుజాత చీరలు, మైకు, నేను.

మేఘ ఎప్పుడూ అనే మాటే — "డాడ్, నార్మల్ పీపుల్ కీప్ క్లోత్స్ ఇన్ దేర్."

పదిహేడేళ్లు. హైదరాబాద్ స్టూడియోలో మొదలెట్టిన డబ్బింగ్ పని, లండన్‌లో ఈ హౌన్స్‌లో ఫ్లాట్‌కి వచ్చినా వదల్లేదు. అమెరికా నటుడు ఒక పెద్దాయన ఏ వేషం వేస్తే తెలుగులో ఆయన గొంతు నేనే. పోస్ట్‌మ్యాన్, జడ్జి, హంతకుడు, రెండు నిమిషాల పాస్టరు. కార్టూన్లలో కుంటి కాకి, గొణిగే మాంత్రికుడు, ఇప్పుడీ ఎలుగుబంటి తాత. ఆయన పేరు ఎవరికీ గుర్తుండదు. గొంతు వింటే మాత్రం పిల్లలు టీవీ ముందుకి పరిగెత్తుకొస్తారు. నా పేరు అసలే తెలీదు, అది వేరే సంగతి.

కొత్త సీజన్ వచ్చింది. రేపు మొదలెట్టాలి.

మార్చి 4

ఏదో తేడా.

ఆయన ఎక్కడ ఊపిరి తీస్తే అక్కడ స్క్రిప్టు మీద పెన్సిల్ గీత పెడతాను. గీత దగ్గర నేనూ తీస్తాను. అంతే నా విద్య. నవ్వే ముందు పెద్దాయన ముక్కుతో గాలి లాగుతాడు, సన్నగా ఈల వినిపిస్తుంది. ఈసారి ఈల లేదు. నోటితో, గబుక్కున, సగం మింగినట్టు ఒక ఊపిరి... నాలుగుసార్లు విన్నాను. గొంతు అదే. నవ్వు అదే. ఊపిరి వేరే మనిషిది!

ఎపిసోడ్‌తో పాటు పంపే గమనికల షీట్‌లో, మామూలుగా 'పెదవులు కలవలేదు', 'డైలాగ్ పొడుగైంది' అని రాసే చోట, రాశాను — "ఊపిరి ఆయనది కాదు. ఆర్టిస్ట్ మారారా? చెప్తే నేనూ మారుస్తాను."

మార్చి 5

హైదరాబాద్ నుంచి రాజు ఫోన్. మా డబ్బింగ్ ఇన్‌ఛార్జి. "మీది మామూలు చెవి కాదన్నయ్యా బాబూ! మేమెవరం పట్టలేదు. మీ గమనిక అలాగే అమెరికా కంపెనీకి పంపించేశా."

సంబరంగా ఉంది. సుజాతకి రెండుసార్లు చెప్పాను. రెండోసారి "విన్నాను లెండి" అంది.

మార్చి 6

మేఘ కనిపెట్టింది — శనివారం లండన్ దాటి స్టీవెనేజ్‌లో కార్టూన్ అభిమానుల మేళా. పెద్దాయన వస్తున్నాడు! సంతకాలు, ఫోటోలు మాత్రమే, గొంతుకి విశ్రాంతి అని రాశారు.

పదిహేడేళ్ల తర్వాత మొదటిసారి మనిషిని చూడబోతున్నా. చొక్కా ఇస్త్రీ చేసుకున్నాను.

మార్చి 8, శనివారం

ఏం రాయను.

పికాడిల్లీ మెట్రో లైన్‌లో కింగ్స్ క్రాస్, అక్కణ్ణుంచి ట్రైను. మేళా జరిగే హాలు. బల్ల వెనక పెద్దాయన. కుడిచెయ్యి ఒళ్ళో, ఎడమ చేత్తో సంతకం. పక్కన కూతురు, నోరా అట. నలభై దాటి ఉంటాయి.

నేనెవరో మేఘ చెప్పింది. ఏం మాట్లాడాలో తోచక ఎలుగుబంటి తాత నవ్వు నవ్వేశాను, ఈలతో సహా. పెద్దాయన నా చెయ్యి పట్టుకున్నాడు. నోరు తెరిచి నవ్వాడు. చప్పుడు లేదు. అసలేమీ లేదు. కళ్ళలో నీళ్ళు.

నోరా ఏదో అనబోయింది — "నాన్నకి చాలా..." మాటకి ముందు ఒక ఊపిరి. నోటితో, గబుక్కున, సగం మింగినట్టు.

"మీరా!" అనేశాను.

ఆవిడ మొహం తెల్లబోయింది. మేఘని నాన్న దగ్గర కూర్చోమని, నన్ను తెర వెనక్కి తీసుకెళ్ళింది. ఏడాదిన్నర కింద పెద్దాయనకి పక్షవాతం, మాట పడిపోయింది. చిన్నప్పటి నుంచి నాన్నని అనుకరించడం ఆవిడకి ఆట. ఈ సీజన్ ఇంట్లోనే రికార్డ్ చేసి ఆయన పేరుతో పంపుతోంది. అమెరికాలో పని ఉంటేనే ఇన్సూరెన్స్, ఇన్సూరెన్స్ ఉంటేనే మందులు.

"ఎవరూ పట్టలేదు. వాళ్ళ ఇంజనీర్లే పట్టలేదు. మీకొక్కరికే తెలిసింది. ఎవరికీ చెప్పరు కదా?"

చెప్పనన్నాను.

షీట్‌లో చెప్పేసి నాలుగు రోజులైంది!

మార్చి 9

నిజం ఆవిడకి చెప్పలేకపోయాను. పిరికి వెధవని.

మేఘకి మాత్రం అంతా చెప్పాను. తలుపు దగ్గర నిలబడి — "డాడ్, యూ వర్ జస్ట్ డూయింగ్ యువర్ జాబ్." అవును తల్లీ. అదే కదా కొంప ముంచింది.

మార్చి 10

రాజుకి మెయిల్ పెట్టాను — "పొరపాటు పడ్డాను. మళ్ళీ విన్నాను, ఊపిరి ఆయనదే."

వెంటనే ఫోన్. "అదేంటన్నయ్యా? అక్కడ గోల గోలగా ఉంది. మీతోనే మాట్లాడాలంటున్నారు."

గురువారం వీడియో కాల్‌కి ఒప్పుకున్నాను.

మార్చి 13, గురువారం

వీడియో కాల్. అమెరికా వాళ్ళు ముగ్గురు, ఒక మూల రాజు. మూడు ముక్కలు వినిపిస్తాం, ఏది ఆయన గొంతో చెప్పమన్నారు.

మొదటిది పాత సీజన్. ఈల ఉంది. "ఆయనే."

రెండోది నోరా. "ఆయనే."

మూడోది... మొదటి ఊపిరికే తెలిసిపోయింది. ఎవడో కుర్ర మిమిక్రీవాడు, ముక్కూ లేదు నోరూ లేదు, పొట్టలోంచి లాగుతున్నాడు. మేఘ అయినా పట్టేస్తుంది. కానీ ఈ ఒక్కటీ సరిగ్గా చెప్తే నా చెవి మంచిదే అవుతుంది. చెవి మంచిదైతే షీట్‌లో రాసింది నిజమవుతుంది.

"ఆయనే," అన్నాను.

ఒకావిడ నవ్వు ఆపుకుంది. మూడోది వాళ్ళు నన్ను పరీక్షించడానికే పెట్టారట. థాంక్యూ అన్నారు. రాజు తల వంచుకున్నాడు. పదిహేడేళ్లలో వాడు నా ముందు తల వంచడం ఇదే మొదలు. చచ్చేంత సిగ్గేసింది.

మార్చి 14

రాజు మెసేజ్. ఆయన గొంతు మీద విచారణ ప్రస్తుతానికి ఆపారట. ఎలుగుబంటి తాతకి తెలుగులో వేరే వాళ్ళని చూస్తున్నారట. "ముందు చెవులు చూపించుకోండన్నయ్యా. రిపోర్ట్ పంపమన్నారు. బాగున్నాయని వస్తే మళ్ళీ మాట్లాడదాం అన్నారు."

మళ్ళీ మాట్లాడదాం! నా పని గురించా? లేక ఆయన గొంతు గురించా?

మార్చి 15

సుజాతకి అసలు సంగతి ఇంకా చెప్పలేదు. రాజు మెసేజ్ చూసి, నాకు నిజంగానే చెవుడు వస్తోందని భయపడుతోంది, పాపం. మామూలు డాక్టరు, ఇక్కడి జీపీ, వచ్చే నెల దాకా దొరకడట. బజార్లో కళ్ళజోళ్ళ షాపులో చెవి పరీక్ష కూడా చేస్తారని మంగళవారానికి బుక్ చేసింది. "బీప్ వినపడగానే బటన్ నొక్కాలంట. అంతేనండీ, ఏం నొప్పుండదు."

వార్డ్‌రోబ్‌లో మైకు తీసేయలేదు.

మార్చి 18, మంగళవారం

చిన్న గది. నా చేతిలో బటన్ పెట్టి, పరీక్ష చేసే అమ్మాయి తలుపేసి వెళ్ళింది. ఫారం నింపి వస్తుందట, ఈలోపు ఇది రాస్తున్నా. పక్క గదిలో ఆ అమ్మాయి ఊపిరి కూడా వినిపిస్తోంది నాకు.

వస్తోంది ఆ అమ్మాయి. బీప్ వినపడితే నొక్కాలా... వద్దా.