సీసాలో మన నుయ్యి

మలంచా, ఖరగ్‌పూర్

తమ్ముడు తీతుకు,

ప్రభువు నీ కడుపునొప్పిని స్వస్థపరచు గాక.

మన నూతినీళ్లు తాగితేనే తగ్గుతుందని, డాక్టరు దగ్గరకు వెళ్లకుండా కూర్చున్నావట. ఇక్కడ మన చుట్టూ మేడలు లేచాయి. వాళ్ల మరుగుదొడ్ల గోతులన్నీ మన గోడ పక్కనే. ఇప్పుడు చేద వేస్తే నురగ వస్తోంది. పక్కింటి రత్నం మాత్రం, “సబ్బెయ్యకుండానే బట్టలు తెల్లగొచ్చినాయి, అప్పా. మీది దేవుడి నుయ్యి” అంటోంది.

చెబితే నమ్మవని, మీ వాల్తేరు వచ్చే విల్‌ఫ్రెడ్ చేతికి ఒక సీసా నీళ్లు ఇచ్చాను, చూడ్డానికి. రైల్లో మూత దానంతటదే ఎగిరిందట. టీటీ వాసన చూసి, “సారా అయితే ఒగ్గేద్దును, బాబూ. ఇదేటిది?” అని పారబోయించాడట.

రేపే డాక్టరుకు చూపించుకో. నేను ప్రార్థన చేస్తున్నాను. కాచి వడగట్టకుండా ఇక్కడినుంచి పంపగలిగింది అదొక్కటే.

నీ అప్ప