నాలుగో నంబరు చొక్కా

తాతయ్యకి నమస్కారాలు.

యూనివర్సిటీ వాలీబాల్ జట్టులో నాకు చోటు దొరికింది. కొండవాళ్లం ముగ్గురం, ఏటివాళ్లు ముగ్గురు. మాకూ వాళ్లకీ పడదు, బంతి కూడా అందించుకోం. అందుకే ఆడిన ప్రతి ఆటా ఓడిపోయాం. అందరికీ ఒకే రంగు చొక్కాలుంటే బాగుంటుందని కోచ్ అన్నారు. నువ్వు కుట్టిపెట్టవా? కొలతలు నంబర్ల వారీగా రాశాను.

ఇట్లు,
ఓడిన మనవడు

తా.క.: వాళ్లలో ఒకడితో స్నేహం కుదిరేలా ఉంది. సెలవులకి ఇంటికి తీసుకురానా?

*

చిరంజీవి మనవడికి ఆశీస్సులు.

ఏటివాడు నా గడప తొక్కడానికి వీల్లేదు. నీ మొహం చూసి చొక్కాలు మాత్రం పంపాను. పేర్లు రాయకపోతే నాకు తెలియదనుకున్నావా? ఇన్నేళ్లుగా టేపు మెడలో వేసుకు తిరుగుతున్నవాణ్ణి, కొలత చూస్తే ఎవరిది ఏ జాతో చెప్పేస్తాను. రెండో నంబరు వెడల్పాటి ఛాతీ, అచ్చం మన కొండరక్తం. నాలుగో నంబరు బక్క ఛాతీ, బారెడు చేతులు. ముమ్మూర్తులా ఏటివాడే.

నీ తాత

తా.క.: నాలుగో చొక్కా చంకల దగ్గర కాస్త పొదుపుగా కుట్టాను. చేతులెత్తితే వాడికే తెలుస్తుంది.

*

తాతయ్యకి నమస్కారాలు.

చొక్కాల మూట ముందొచ్చింది, నీ ఉత్తరం ఆట అయ్యాక వచ్చింది. మొదటి బంతికే నాలుగో నంబరు చేతులెత్తి ఎగిరాడు. చొక్కా చంక నుంచి నడుం దాకా పర్రున చిరిగింది. మైదానమంతా ఒకటే నవ్వు. రెండో నంబరు మాత్రం నవ్వు ఆపుకుని, సూదీ దారం తెచ్చి, వాడి ఒంటి మీదే కుట్టేశాడు. గుచ్చుకుంటుందని ఇద్దరూ ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. అక్కణ్ణించి ఆ ఇద్దరూ ఒకరికొకరు బంతి అందించుకుంటూనే ఉన్నారు. గెలిచాం తాతయ్యా!

ఇట్లు,
గెలిచిన మనవడు

తా.క.: పోనీ, రెండో నంబర్ని తీసుకురానా?

*

చిరంజీవి మనవడికి ఆశీస్సులు.

అడగాలట్రా! పరాయివాడి చొక్కా కూడా కుట్టిపెట్టాడంటే ఎంత మంచి మనసు! కొండబిడ్డ అనిపించుకున్నాడు. కుట్టుమిషన్ పక్కనే వాడికి మంచం వేయిస్తాను. ఇది తాత మాట, తిరుగులేదు.

నీ తాత

తా.క.: నాలుగోవాడికి బుద్ధొచ్చిందా?

*

తాతయ్యకి వేయి నమస్కారాలు.

శనివారం వస్తున్నాం. రెండో నంబర్ని గుర్తుపట్టడం తేలికే, వాడు ఏటివాడు. నాలుగోవాణ్ణి గుర్తుపట్టడం ఇంకా తేలిక. వాడు నేనే.

ఇట్లు,
బుద్ధొచ్చిన మనవడు

తా.క.: చంక ఇంకా మండుతోంది.

*

చిరంజీవి మనవడికి,

నీ ఉత్తరం చదివాక పూటంతా మిషన్ తొక్కలేదు. సిగ్గేసింది రా. అయినా చేతులు అంత పొడుగ్గా పెరిగితే తాతకి చెప్పొద్దూ? మంచం వేశాను. ఇద్దరూ రండి.

నీ తాత

తా.క.: నీ కొత్త చొక్కాకి కొలతలు ఆ కుర్రాణ్ణే తీయమను. నా టేపు మీద నాకు నమ్మకం పోయింది.