చేలు మార్చుకున్నప్పటి సాక్షి

బుధవారం, రాత్రి

తహసీల్దారు ఆఫీసులో పని కాలేదు.

ఎవరి ఇంటికి దగ్గరున్న చేను వాళ్లు చేసుకుందామని నేనూ సుబ్బారావూ నోటిమాట మీద చేలు మార్చుకున్నాం. రికార్డులో పేర్లు మాత్రం పాతవే. మార్పిద్దాంరా అంటే, “నామీద నమ్మకం లేదా?” అని మూతి ముడుచుకునేవాడు. వాడు పోయాడు. నేను దున్నే చేను తనదేనంటున్నాడు వాడి కొడుకు శ్రీను.

“మీ చేను మీరు తీసేసుకోండి బాబాయ్,” అంటాడు, మర్యాదగానే. నా చేలో వాళ్లు రొయ్యల చెరువు తవ్వారు. ఆ ఉప్పునేలలో ఇక వరి ఎక్కడ పండుతుంది?

“హక్కు ఎవరిదో మేం తేల్చలేమండి. సివిల్ కోర్టుకు వెళ్లండి,” అన్నారు తహసీల్దారుగారు. అక్కణ్నుంచి కొవ్వూరులో లాయరుగారి దగ్గరికి వెళ్లాను. కాగితమేదీ లేదని చెప్పాను.

“పోనీ, మార్చుకున్నప్పుడు పక్కన ఎవరున్నారండి? కోర్టుకొచ్చి చెప్పాలి,” అన్నారాయన.

ఆవేళ గట్టు మీద ఉన్నది మేమిద్దరమే. పోయినవాడి మీద ఇంత కోపం రావచ్చా?

లాయరుగారు పెన్ను పట్టుకుని ఎదురుచూస్తున్నారు. సుబ్బారావునడగండి, వాడు అబద్ధం చెప్పడు అనబోయాను.