మాట తనది, గద్దె నాది

1939 మే 14, ఆదివారం. ఉదయం

అన్నయ్య గద్దె దిగుతాడట.

స్టేబుల్లో చిన్న ఆడగుర్రం కాలికి కట్టు కడుతుంటే వచ్చి చెప్పాడు. రాజు స్టేబుల్‌కి రావడమే ఒక వింత. తిరగేసిన బక్కెట్ మీద కూర్చున్నాడు. "వజుభా, ఇక నావల్ల కాదు. నువ్వు కూర్చో" అన్నాడు. బండిలో కాస్త పక్కకి జరిగి చోటిచ్చినట్టుగా. వాపు తగ్గుతోందని చెప్పాను. ఆయన గుర్రం కాలు చూసి తలూపాడు.

అదే రోజు, సాయంత్రం

ఇప్పుడు కోపం వస్తోంది. పొద్దున రాలేదు.

మా రతన్‌సర్ సంస్థానంలో వరసగా రెండేళ్ళు వాన లేదు. చలికాలం చివర్లో, దర్బారు నిండా జనం చూస్తుండగా, అన్నయ్య మాటిచ్చాడు: మళ్ళీ వానలు పడేదాకా సర్కారు గడ్డి బీడు అందరి పశువులకీ తెరిచే ఉంటుందని. ఆ గడ్డి ఇంగ్లీషు పటాలం గుర్రాలకు ఇస్తామని కాంట్రాక్ట్ ఉంది. బ్రిటిష్ ఏజెంట్ మేజర్ ప్రిచర్డ్ ఉత్తరాలు రాశాడు, తర్వాత స్వయంగా వచ్చాడు. నెలాఖరుకి బీడు మూయకపోతే సంస్థానాన్ని ఏజెన్సీ మేనేజ్‌మెంట్ కింద తీసుకుంటామని చెప్పి, టీ తాగి వెళ్ళాడు.

అన్నయ్య ఆలోచన ఇది. మాటిచ్చాడు గనక తాను మూయలేడు. మూయకపోతే తాతల నాటి సంస్థానం పోతుంది. మాట ఇచ్చినవాడే దిగిపోతే, తర్వాత కూర్చున్నవాడికి ఆ మాట అంటదు.

అంటే నిలబెట్టుకున్న పేరు ఆయనకి. తప్పిన పేరు నాకు.

మే 15

మా ఆవిడ మోంఘీబాకి చెప్పాను. సజ్జ రొట్టె తడుతూ విన్నది. నా తల చిన్నదట, మోటాభాయ్ పాగా, అదే అన్నయ్యది, నా ముక్కు మీదికి జారుతుందట, లోపల గుడ్డముక్క పెట్టి కుడతానంది. కాసేపయ్యాక, పెద్ద మహల్‌కి మారాలా అని అడిగింది. మారాలన్నాను. అక్కడి స్నానాల గదిలో బల్లులుంటాయి అంది.

మే 17

దివాన్ వసావడా వచ్చాడు. అన్నయ్యకి ఒక్కతే కూతురు, పెళ్ళయి వెళ్ళిపోయింది. కాబట్టి వారసుణ్ణి నేనే, అందులో తగాదా లేదన్నాడు. ఏజెన్సీకి కూడా అభ్యంతరం లేదట. "తమరు నెమ్మదస్తులని వాళ్ళ దగ్గర మంచి పేరుంది హుజూర్" అన్నాడు. పొగుడుతున్నాననే అనుకున్నాడు.

నేను ఒప్పుకోకపోతే ఏమవుతుందని అడిగాను. జూన్ ఒకటో తారీకున ఏజెన్సీ వాళ్ళ గుమస్తా వచ్చి ఖజానా తాళాలు తీసుకుంటాడన్నాడు. ఆ గుమస్తా పేరు కూడా ఆయనకి తెలుసు.

మే 19

ఆఖరి ఆశగా తఖత్‌బా వదిన దగ్గరికి వెళ్ళాను. అన్నయ్యకి కాస్త నచ్చజెప్పమని అడుగుదామని. ఆమె నాకు మజ్జిగ ఇచ్చి, నేను నోరు తెరవకముందే చెప్పింది. పెళ్ళయిన నాటి నుంచీ ఆ మనిషి నిద్రలో కూడా రాజేనట. పళ్ళు కొరికేవాడట, అర్జీలు వినేవాడట. "నీకు చెప్పిన రోజు రాత్రి గురక పెట్టాడు, వజుభా. నేను లేచి కూర్చుని విన్నాను" అంది.

మజ్జిగ తాగి వచ్చేశాను.

మే 20

సరే అన్నాను.

మే 26, శుక్రవారం

అయిపోయింది.

అన్నయ్య తన నడుము నుంచి కత్తి విప్పి నా నడుముకి కట్టాడు. కడుతూ, "ఊపిరి వదులు, లేకపోతే తర్వాత ఊడిపోతుంది" అని నా చెవిలో అన్నాడు. చారణ్ వంశావళి చదువుతూ చివరికొచ్చేసరికి అలవాటు కొద్దీ అన్నయ్య పేరే, మూళుభా అని చెప్పి, దగ్గి, నా పేరు చెప్పాడు. ఎవరూ నవ్వలేదు. ప్రిచర్డ్ చప్పట్లు కొట్టాడు, మిగతావాళ్ళు చూసి కొట్టారు.

తర్వాత అన్నయ్య కింద దాయాదుల వరసలో కూర్చున్నాడు. ఆయన్ని పైనుంచి చూడటం నాకిదే మొదలు. భుజాలు ఇంతగా ఎప్పుడు వంగాయో.

విపరీతమైన హెడేక్. మోంఘీబా కుట్టిన గుడ్డముక్క బిగుతైపోయింది.

మే 31

ఆర్డర్ మీద సంతకం పెట్టాను. బీడు గేటు మూశారు.

గొడవ జరుగుతుందేమోనని పోలీసుల్ని పెట్టాం. ఏమీ జరగలేదు. పశువుల్ని బయటికి తోలమంటే తోలారట. ఒకరిద్దరు కావలివాళ్ళకి నమస్కారం కూడా పెట్టారట. తిట్టి ఉంటే బాగుండేది.

జూన్ 2

ఎవరూ ఇళ్ళకి పోలేదు. పశువుల కాపర్లు, రబారీలు, మందలతో సహా గేటు ముందే దిగిపోయారు. గాలి ఇటు తిరిగినప్పుడు అరుపులు మహల్ దాకా వస్తున్నాయి.

వాళ్ళలో జీవీమా అనే ముసలామె ఉంది. కొత్త బాపు, అంటే నేను, ఎప్పుడైనా పశువుల్ని సాకాడా అని కావలివాణ్ణి అడిగిందట. గుర్రాల్ని సాకుతాడని వాడు గొప్పగా చెప్పాడట. "అదా సంగతి. గుర్రానికి మేత దాని దగ్గరికే నడిచొస్తుంది" అందట. దివాన్ ఇది నాకు చెప్పకూడదనుకుంటూనే చెప్పాడు.

జూన్ 3

అన్నయ్య గేటు దగ్గర కూర్చున్నాడు.

వసావడా రొప్పుకుంటూ వచ్చి చెప్పాడు. తెల్లవారగానే మహల్ వెనక పాకలోంచి ఒక ఆవుని విప్పి, పలుపు తనే పట్టుకుని, ఊరి మధ్యలోంచి నడిపించుకుంటూ వెళ్ళాడట. రబారీల మధ్య కంబళి పరుచుకున్నాడట. ఇదేమిటని దివాన్ అడిగితే, "నేనిప్పుడు ప్రజనే కదా వసావడా. నా ఆవుకి మేత లేదు" అన్నాడట.

మోంఘీబా ఈ మాట విని చాలా రోజుల తర్వాత నవ్వింది. నాకు నవ్వు రాలేదు.

జూన్ 5

బొంబాయి పేపర్లలో వచ్చేసింది. ఫొటోతో సహా. ఆవు కూడా పడింది.

ప్రిచర్డ్ నుంచి టెలిగ్రామ్: వెంటనే అక్కడి నుంచి లేపించు. పోలీసు సూపరింటెండెంట్‌ని పిలిచాను. "ఎలా లేపమంటారు హుజూర్, చేతులు పట్టుకునా, కాళ్ళు పట్టుకునా? ఆయన కాళ్ళు పట్టుకోవడమే నాకు అలవాటు" అన్నాడు. వెళ్ళమన్నాను.

జూన్ 6, మంగళవారం

నేనే వెళ్ళాను. కారు వద్దన్నాను, గుర్రం కూడా వద్దన్నాను. జీవీమా మాట గుర్తుంది. నడిచాను.

నన్ను చూసి అందరూ లేచారు. అన్నయ్య కూడా లేచాడు. చేతులు జోడించి, "బాపూ" అన్నాడు. వెక్కిరింపేమో అని మొహం చూశాను. కాదు. అదే నన్ను రెచ్చగొట్టింది. పక్కకి తీసుకెళ్ళి అడిగేశాను. మోటాభాయ్, ఇదంతా ఆ రోజే అనుకున్నావా, నన్ను కూర్చోబెట్టి ఇలా బజారున పెట్టాలని? నీ మాట నువ్వు నిలబెట్టుకుని తప్పే పని నాకు అప్పజెప్పావు కదా, అన్నాను.

అవునన్నాడు. సంజాయిషీ చెబుతాడనుకున్నాను. చెప్పలేదు.

తర్వాత నెమ్మదిగా అన్నాడు. "తప్పించుకున్నాను, వజుభా. తప్పించుకుంటే హాయిగా ఉంటుందనుకున్నాను. కొన్నాళ్ళు ఉంది కూడా. గేటు మూసిన రోజు నుంచీ ముద్ద దిగటం లేదు. ఇంట్లో కూర్చుని దిగని ముద్ద ఇక్కడైనా దిగుతుందేమోనని వచ్చాను." దిగుతోందా అని అడిగాను. జీవీమా రొట్టె రాయిలా ఉంటుందట, అయినా దిగుతోందట.

మేం మాట్లాడుతుండగానే ఒక దూడ కూలబడింది. ఇద్దరు మనుషులు దాని పొట్ట కింద చేతులు పెట్టి లేపారు. నిలబడింది. వదిలేస్తే మళ్ళీ కూలబడింది. వాళ్ళు మళ్ళీ లేపారు. విసుక్కోలేదు. పొద్దుట్నుంచీ అదే పని అన్నట్టున్నారు.

కావలివాణ్ణి తాళంచెవి అడిగాను. ఆర్డర్ ఏదీ అన్నాడు. నా సంతకంతో మూసిన గేటు మళ్ళీ నా సంతకంతోనే తెరవాలట. వాడి డ్యూటీ వాడు చేస్తున్నాడు. వాడి చేతిలోంచి తీసుకుని నేనే తెరిచాను.

పశువులు వెంటనే కదల్లేదు. అదిలించాల్సి వచ్చింది.

జూన్ 7

ప్రిచర్డ్ వచ్చాడు. కేకలేస్తాడనుకున్నాను. కూర్చుని బూట్లు వదులు చేసుకున్నాడు. ఒకే ఏడాది ఒకే సంస్థానంలో ఇద్దరు రాజుల్ని దించితే పైవాళ్ళు తననే అడుగుతారన్నాడు. గడ్డి పెద్ద విషయం కాదట, పటాలానికి వేరే చోట కొనొచ్చట. గద్దె దిగిన రాజు నేల మీద కూర్చుంటే పది సంస్థానాల్లో జనం చూస్తారు, అదీ విషయం అన్నాడు.

కాబట్టి బేరం ఇది. వానలు పడేదాకా బీడు తెరిచి ఉంచుకోవచ్చు. అన్నయ్య రతన్‌సర్ పొలిమేర దాటి వెళ్ళిపోవాలి. ఏజెన్సీ అనుమతి లేకుండా తిరిగి రాకూడదు. ఆ ఆర్డర్ మీద ఏజెంట్ సంతకం ఉండదు. నాది ఉంటుంది.

వెళ్ళబోతూ, తనకీ ఒక అన్న ఉన్నాడని చెప్పాడు. ఎందుకు చెప్పాడో తెలియదు.

జూన్ 8

కాగితం గేటు దగ్గరికే తీసుకెళ్ళి అన్నయ్యకి చూపించాను. కళ్ళజోడు పెట్టుకుని మొత్తం చదివాడు. పేరులో స్పెల్లింగ్ తప్పుందని నా పెన్నే తీసుకుని దిద్దాడు. "చవకగా వదిలారు. సంతకం పెట్టు" అన్నాడు.

నేను పెట్టలేకపోయాను. పాత్ర తోమడానికి సిగ్గుపడే పిల్లాణ్ణి చూసినట్టు చూశాడు. గద్దె ఇచ్చినప్పుడు ఇదీ అందులోనే ఉంది వజుభా, విడిగా రాదు, అన్నాడు.

పెట్టాను.

ఆవుని ట్రెయిన్‌లో తీసుకెళ్ళొచ్చా అని అడిగాడు. వదినే వద్దంది. జీవీమాకి ఇచ్చేశారు.

జూన్ 11, ఆదివారం. స్టేషన్ నుంచి వచ్చాక

నాసిక్ వెళ్తున్నారు. వదిన వాళ్ళ వైపు వాళ్ళ ఇల్లొకటి ఖాళీగా ఉందట.

స్టేషన్ మాస్టర్ ఎవరికి సెల్యూట్ చేయాలో తెలియక ఇద్దరికీ చేశాడు. అన్నయ్య అతని చెయ్యి దించి, "ఒకటి దాచుకో, ఈయనకి రోజూ కావాలి" అన్నాడు. నేను కాళ్ళకి మొక్కబోయాను. వసావడా దగ్గాడు. రాజు నలుగురిలో వంగకూడదు. సగంలో ఆగాను. తర్వాత మిగతా సగం వంగాను. అన్నయ్య నా పాగా పడిపోకుండా పట్టుకున్నాడు.

బండి కదిలాక జనం నా వైపు చూశారు. నేనూ ఎటైనా చూడాలి కదా. పట్టాలు చూశాను.

జూన్ 24

వాన.

జూన్ 30

పచ్చిక లేచింది. రబారీలు పశువుల్ని తోలుకుని వెళ్ళిపోయారు. ఎవరూ చెప్పలేదు. గేటు వాళ్ళే మూశారట.

జూలై 4

దర్బారుకి జీవీమా వచ్చింది. పెద్దబాపు ఎప్పుడొస్తాడని అందరి ముందూ అడిగింది. మీ వైపు గడ్డి ఎలా లేచిందని అడిగాను. చెప్పింది. చాలాసేపు చెప్పింది.