జొన్నపాలు

నాయినా,

నువ్వు పోయి నేటికి ఏడాది. ఈరోజు సూర్యాపేట బడిలో మీ అక్క, నీకు కూడా ఎన్నడూ చెప్పని, రజాకార్ల కాలంలో గడిచిన తన బాల్యాన్ని మొదటిసారి పిల్లలకు చెప్పింది.

వాళ్లు ఊరిని తగలబెడుతుంటే, ఎనిమిదేళ్ల అత్త నెలల బిడ్డవైన నిన్నెత్తుకొని జొన్నచేనులో దాక్కుందట. నీ ఏడుపు వినబడితే ఇద్దరికీ చావే. అందుకని పచ్చికంకులు నమిలి, ఆ పాలను పొద్దుగూకేదాకా నీ నోట్లో పోసిందట.

"భయం గాలేదా అవ్వా?" అని ఒక పాప అడిగింది.

"అయింది బిడ్డా. గాని తమ్ముని నోరు సూస్కుంట కూసుంటి. భయపడనీకి యాళ్ల యాడిది?"

పిల్లలు నవ్వారు. నేను మాత్రం ముడుతలు పడిన ఆ చేతులనే చూస్తూ ఉండిపోయాను.

ఆమె జొన్నరొట్టె ఎన్నడూ ముట్టదు. "మా అక్క దొరసాని, జొన్నరొట్టె గొంతు దిగదు" అని నువ్వు ఆటపట్టించేవాడివి. ఆమె నవ్వి, నీ కంచంలో ఇంకో రొట్టె వేసేది.